దేశకాలాలు దాటి వేటాడే పాత్రలు (తెలుగు కథలు)

దేశకాలాలు దాటి వేటాడే పాత్రలు అనగా దూరం గాని, కాలం గాని అడ్డు కాకుండా తాము ఎంచుకున్న ప్రాణిని వెంటాడే కథాపాత్రలు. పులి, తోడేలు వంటి సహజ మృగం కంటికి కనిపించినంత మేర, వాసన అందినంత మేర మాత్రమే వేటాడుతుంది. ఈ పాత్రలకు ఆ హద్దు లేదు. ఇవి ఏడు సముద్రాల అవతల నుండి ఎరను గుర్తిస్తాయి. ఎర మరణించినా మరుజన్మలో మళ్ళీ వెతుక్కుంటూ వస్తాయి. తెలుగువారి జానపద గాథలలో, నవలలలో, సినిమాలలో ఇటువంటి పాత్రలు అనేకం ఉన్నాయి. మాయల మరాఠీ, నేపాళ మాంత్రికుడు, పశుపతి వీటిలో బాగా ప్రసిద్ధి చెందినవి.

పాశ్చాత్య కథలలో ఇటువంటి వేటగాడు సాధారణంగా యంత్రం ద్వారానో, గ్రహాంతర విజ్ఞానం ద్వారానో ప్రయాణిస్తాడు. తెలుగు కథలలో అతనిని ఎక్కువగా నడిపించేది తీరని కోరిక, పగ లేదా ఋణానుబంధం. అందువల్ల అతని బలం ఎక్కడ ఉంటుందో బలహీనత కూడా అక్కడే ఉంటుంది.

పదాల నేపథ్యం

తెలుగులో స్థలాన్ని, సమయాన్ని కలిపి చెప్పడానికి "దేశకాలాలు" అనే మాట చాలాకాలంగా వాడుకలో ఉంది. ఇక్కడ దేశం అంటే చోటు అని అర్థం. "కాలం" అనే మాటకు సమయం, మృత్యువు అనే రెండు అర్థాలూ ఉన్నాయి. యముడికి కాలుడు అని పేరు. అతని చేతి తాడు కాలపాశం. పెద్దలు మరణించినప్పుడు "కాలం చేశారు" అనడం గౌరవప్రదమైన వాడుక. అంటే కాలమే ఒక వేటగాడు అనే భావన ఈ భాషలో ముందునుండీ ఉంది. మార్కండేయుడు, సావిత్రి కథలు ఆ వేటగాడి పాశం నుండి తప్పించుకున్నవారి, తప్పించినవారి కథలు.

పురాణాలలో మూలాలు

పురాణేతిహాసాలలోని ఈ క్రింది ఘట్టాలు తరువాతి కథలకు మాతృకలుగా నిలిచాయి. అవి భక్తి గ్రంథాలలోని ఘట్టాలు కనుక వాటిని కల్పిత ప్రతినాయకుల కథలుగా కాక, నమూనాలుగా మాత్రమే ఇక్కడ పేర్కొనడమైనది.

సింహిక: రామాయణం సుందరకాండలో హనుమంతుడు సముద్రాన్ని దాటుతుండగా సింహిక అనే రాక్షసి నీటిపై పడిన అతని నీడను పట్టుకొని లాగుతుంది. దేహాన్ని తాకకుండా ఛాయ ద్వారా ఎరను పట్టే ఈ పద్ధతి దూరం నుండి చేసే వేటకు చక్కని ఉదాహరణ.

కాకాసురుడు: చిత్రకూటంలో సీతను బాధించిన కాకిపై రాముడు దర్భపుల్లను బ్రహ్మాస్త్రంగా ప్రయోగిస్తాడు. ఆ గడ్డిపరక కాకిని మూడు లోకాలలోనూ తరుముతుంది. ఎక్కడా ఆశ్రయం దొరకక కాకి తిరిగి రాముడినే శరణు వేడుతుంది. ఒక కన్ను కోల్పోయి ప్రాణం దక్కించుకుంటుంది.

సుదర్శన చక్రం: భాగవతం నవమ స్కంధంలో దుర్వాసుడు అంబరీషునిపై కోపించి కృత్య అనే శక్తిని సృష్టిస్తాడు. సుదర్శన చక్రం కృత్యను దహించి దుర్వాసుని వెంటబడుతుంది. ఆయన బ్రహ్మను, శివుడిని, విష్ణువును ఆశ్రయించినా ఫలితం లేకపోతుంది. చివరకు తాను ఎవరికి కీడు తలపెట్టాడో ఆ అంబరీషుడే ప్రార్థించగా చక్రం శాంతిస్తుంది. అంతవరకు సంవత్సర కాలం అంబరీషుడు భోజనం చేయకుండా ముని కోసం వేచి ఉంటాడు.

రాహువు: అమృతం పంచుతున్న సమయంలో తనను పట్టి ఇచ్చిన సూర్యచంద్రులపై పగబట్టి, తల మాత్రమే మిగిలిన రాహువు వారిని పదేపదే మ్రింగుతాడని పురాణకథ. చంద్రుని నీడ భూమిపై పడినప్పుడు సూర్యగ్రహణం, భూమి నీడ చంద్రునిపై పడినప్పుడు చంద్రగ్రహణం ఏర్పడతాయని ఖగోళశాస్త్రం చెబుతుంది. చంద్రుని మార్గం సూర్యుని మార్గాన్ని ఖండించే రెండు బిందువులకే జ్యోతిషంలో రాహుకేతువులని పేర్లు. సుమారు 18 సంవత్సరాల 11 రోజులకు ఒకసారి గ్రహణాల క్రమం మళ్ళీ వస్తుంది. వేటగాడు ఏ ఘడియలో వస్తాడో ముందుగానే లెక్కగట్టి పంచాంగంలో ప్రకటించగలగడం ఈ కథకు ఉన్న ప్రత్యేకత.

అంబ: భీష్ముని కారణంగా జీవితం చెడిపోయిన కాశీరాజు కుమార్తె అంబ, తపస్సు చేసి ద్రుపదుని ఇంట మళ్ళీ పుట్టి శిఖండిగా కురుక్షేత్రంలో అతని పతనానికి కారణమవుతుంది. జన్మ దాటిన పగకు ఇది ప్రసిద్ధమైన ఉదాహరణ. ఇక్కడ వెంటాడేది అన్యాయం చేసినవాడు కాదు, అన్యాయానికి గురైన స్త్రీ.

అశ్వత్థామ: మహాభారతం సౌప్తిక పర్వంలో నిద్రిస్తున్నవారిని చంపిన అశ్వత్థామ, పాండవుల వంశం మిగలకూడదని ఉత్తర గర్భంలోని శిశువుపై అస్త్రాన్ని మళ్ళిస్తాడు. కృష్ణుడు ఆ శిశువును బ్రతికిస్తాడు. అశ్వత్థామ 3,000 సంవత్సరాలు ఒంటరిగా తిరగాలని శపిస్తాడు. ఇంకా పుట్టనివారిని వేటాడటం అంటే భవిష్యత్తును వేటాడటమే. దేవకి బిడ్డలను పురిటిలోనే చంపిన కంసుని కథ కూడా ఈ కోవకు చెందుతుంది.

జానపద గాథలు: మాయల మరాఠీ

బాలనాగమ్మ కథ బుర్రకథగా, నాటకంగా, సినిమాగా తెలుగు ప్రాంతమంతటా ప్రచారం పొందింది. ఇందులోని మాంత్రికుడిని మాయల మరాఠీ అని, మాయల ఫకీరు అని పిలుస్తారు. అతను నాగళ్ళపూడి గట్టులో ఉంటూ, బాలనాగమ్మ గురించి తన మంత్రశక్తితో తెలుసుకొని జంగమదేవర వేషంలో భిక్షకు వచ్చి, ఆమెను కుక్కగా మార్చి తీసుకుపోతాడు. వెతుక్కుంటూ వచ్చిన భర్త కార్యవర్ధిరాజును రాయిగా మారుస్తాడు.

బాలనాగమ్మ నోము నెపంతో గడువు కోరి, ఏళ్ళ తరబడి మాంత్రికుడిని దూరంగా ఉంచుతుంది. దూరాన్ని క్షణంలో దాటగల వేటగాడు కాలం ముందు మాత్రం నిస్సహాయుడు అవుతాడు. ఆమె కాలాన్ని ఆయుధంగా వాడుకొంటుండగా అక్కడ ఊయలలో వదిలి వచ్చిన కొడుకు బాలవర్ధిరాజు పెరిగి పెద్దవాడవుతాడు. అతను తల్లిని వెతుక్కుంటూ వచ్చి, పూలు కట్టే తంబళి పెద్ది ఇంట మనుమడిగా చేరి, మాంత్రికుని ప్రాణం ఒక చిలుకలో ఉందని తెలుసుకొని దానిని సాధించి అతనిని అంతం చేస్తాడు. "ప్రాణం చిలకలో ఉన్నట్టు" అనే వాడుక ఇటువంటి కథల నుండే వచ్చింది.

ఈ కథ ఆధారంగా 1942లో జెమినీ స్టూడియో నిర్మించిన బాలనాగమ్మ చిత్రానికి సి.పుల్లయ్య దర్శకుడు. కాంచనమాల బాలనాగమ్మగా, గోవిందరాజుల సుబ్బారావు మాయల మరాఠీగా నటించారు. 1959లో వేదాంతం రాఘవయ్య దర్శకత్వంలో మరొక చిత్రం వచ్చింది. అందులో అంజలీదేవి బాలనాగమ్మగా, ఎస్.వి.రంగారావు మరాఠీగా నటించారు.

పాతాళభైరవి, చందమామ

విజయా ప్రొడక్షన్స్ వారి పాతాళభైరవి 1951లో విడుదలైంది. కె.వి.రెడ్డి దర్శకత్వం వహించగా పింగళి నాగేంద్రరావు రచన చేశారు. ఇందులో ఎస్.వి.రంగారావు ధరించిన నేపాళ మాంత్రికుడు, పాతాళభైరవికి బలి ఇవ్వదగిన సాహసవంతుని కోసం వెతికి ఉజ్జయినిలోని తోటరాముడిని (ఎన్.టి.రామారావు) ఎంచుకుంటాడు. వేటగాడే బలి అయిన తరువాత శిష్యుడు సదాజపుడు సంజీవనితో అతనిని బ్రతికిస్తాడు. మళ్ళీ లేచిన మాంత్రికుడు కోరికలు తీర్చే బొమ్మను సంపాదించి, రాకుమారి ఇందుమతిని తన చోటికి రప్పించుకుంటాడు. మరణం కూడా అతని వేటను ఆపలేదు. కాని అతని శక్తి గడ్డంలో ఉంది. రాముని స్నేహితుడు అంజి (బాలకృష్ణ) యుక్తిగా గడ్డం తీయించడంతో ఆ శక్తి పోతుంది.

ఈ చిత్ర నిర్మాణానికి కడప జిల్లాతో సంబంధం ఉంది. విజయా సంస్థకు చక్రపాణితో కలిసి సారథ్యం వహించిన బి.నాగిరెడ్డి ఈ జిల్లాకు చెందినవారు. ఆయన అన్న, వాహినీ సంస్థ దర్శకుడు బి.ఎన్.రెడ్డి పులివెందుల తాలూకా కొత్తపల్లెలో జన్మించారు. లింగాల మండలం ఈ పులివెందుల ప్రాంతంలోనిదే. దర్శకుడు కె.వి.రెడ్డి స్వస్థలం పొరుగున ఉన్న తాడిపత్రి. పులుల మందలు తిరిగిన చోటు కనుక "పులిమందల" అనే పేరు పులివెందులగా మారిందని స్థానికులు చెప్పుకుంటారు. ఒకప్పుడు మృగం అంటే నిజమైన భయం ఉన్న సీమ నుండి వచ్చినవారు, మంత్రాలతో వేటాడే మనిషి మృగాన్ని తెరమీదకు తెచ్చారు.

నాగిరెడ్డి, చక్రపాణి 1947 జూలైలో ప్రారంభించిన చందమామ మాసపత్రిక ఈ పాత్రలను పిల్లలకు దగ్గర చేసింది. దాసరి సుబ్రహ్మణ్యం రచించిన తోకచుక్క, మకరదేవత, ముగ్గురు మాంత్రికులు, కంచుకోట, జ్వాలాద్వీపం, రాకాసిలోయ, భల్లూక మాంత్రికుడు మొదలైన ధారావాహికలలో మాంత్రికులు, రాక్షసులు, వింత మృగాలు కథానాయకులను లోయలు, ద్వీపాలు, పాతాళ మార్గాల గుండా తరుముతారు. చాలా సీరియల్స్‌కు చిత్రా బొమ్మలు గీశారు.

నవలలు

యండమూరి వీరేంద్రనాథ్ నవల తులసిదళంలో ఈ వేట ఆధునిక నగర జీవితంలోకి వచ్చింది. కాద్రా అనే మాంత్రికుడు, తులసి అనే చిన్నపిల్లను చంపడానికి దూరం నుండి కాష్మోరా అనే క్షుద్రశక్తిని ప్రయోగిస్తాడు. పాత కథలలో మాంత్రికుడు తన కోరిక కోసం వేటాడగా, ఇక్కడ ఆస్తి కోసం ఇతరులు అతని చేత వేటాడిస్తారు. వైద్యం, మంత్రం రెండూ ఆ పాప కోసం పోటీపడినట్లు కథ నడవడం వలన ఈ నవల పాఠకాదరణతో పాటు తీవ్రమైన చర్చకు కూడా కారణమైంది. దీనికి కొనసాగింపుగా రచయిత తులసి అనే నవల వ్రాశారు.

జన్మలు దాటిన వేట

2009వ సంవత్సరంలో విడుదలైన రెండు తెలుగు చిత్రాలు జన్మాంతర వేటను ప్రధానాంశంగా తీసుకున్నాయి.

అరుంధతి: కోడి రామకృష్ణ దర్శకత్వంలో ఎం.శ్యాంప్రసాద్ రెడ్డి నిర్మించిన ఈ చిత్రం 2009 జనవరి 16న విడుదలైంది. గద్వాల సంస్థానం నేపథ్యంగా కథ సాగుతుంది. పశుపతి (సోనూ సూద్) స్త్రీలను హింసించే దుర్మార్గుడు. శిక్షకు గురై, అఘోరాల వద్ద చేరి మంత్రశక్తులు పొంది తిరిగి వస్తాడు. చంపితే అతని ఆత్మ మరింత బలపడుతుందని తెలిసి జేజమ్మ (అనుష్క) అతనిని నాట్యంతో ఏమరిపించి బంధించి, సజీవంగా సమాధి చేయిస్తుంది. తరువాత, తన ఎముకలే అతనిని అంతం చేసే ఆయుధం కావాలని ప్రాణత్యాగం చేస్తుంది. ఆ వంశంలోనే ఆమె అరుంధతిగా మళ్ళీ పుడుతుంది. సమాధి నుండి బయటపడిన పశుపతి ఆత్మ ఆమెను వెతుక్కుంటూ వస్తుంది. చివరకు పూర్వజన్మలో తాను సిద్ధం చేసిన ఆయుధంతోనే అరుంధతి అతనిని నాశనం చేస్తుంది.

ఈ కథలో వేటగాడొక్కడే కాక, ఎర కూడా కాలాన్ని దాటింది. పశుపతిని పగ మోసుకువస్తే, జేజమ్మను బాధ్యత మోసుకువచ్చింది. పశుపతికి గాత్రం ఇచ్చిన పి.రవిశంకర్ ఈ చిత్రం తరువాత "బొమ్మాళి రవిశంకర్"గా పేరుపొందారు. చిత్రీకరణ జరిగిన బనగానపల్లె నవాబు బంగళాను (నేటి నంద్యాల జిల్లా) ప్రజలు "అరుంధతి కోట" అని పిలుస్తున్నారు.

మగధీర: ఎస్.ఎస్.రాజమౌళి దర్శకత్వంలో గీతా ఆర్ట్స్ నిర్మించిన ఈ చిత్రం 2009 జూలై 31న విడుదలైంది. 1609లో ఉదయగఢ్ రాకుమారి మిత్రవిందను ఆశించిన రణదేవ్ బిల్లా, 400 సంవత్సరాల తరువాత రఘువీర్‌గా పుట్టి, ఇందుగా పుట్టిన ఆమెను మళ్ళీ వెంటాడుతాడు. కాలభైరవుడు హర్షగా (రాంచరణ్) పుట్టి ఆమెను కాపాడతాడు. పూర్వజన్మలో దండెత్తి వచ్చిన షేర్‌ఖాన్ (శ్రీహరి) ఈ జన్మలో సాల్మన్‌గా పుట్టి హర్షకు స్నేహితుడవుతాడు. శత్రువుకు మారే అవకాశం ఉంది, వ్యామోహంలో చిక్కినవాడికి లేదు అని ఈ రెండు పాత్రలు చూపుతాయి.

ఈగ: రాజమౌళి 2012 చిత్రం ఈగలో ఈ నమూనా తలక్రిందులైంది. హత్యకు గురైన యువకుడు ఈగగా పుట్టి తనను చంపిన ధనవంతుడిని వేటాడుతాడు. వేటగాడి పరిమాణం ఎంత చిన్నదైతే ఎర భయం అంత పెద్దది కావడం ఇందులోని చమత్కారం. అంబ కథకు ఇది దగ్గరగా ఉంటుంది.

కాలయంత్రం, యుగాంతం

సింగీతం శ్రీనివాసరావు దర్శకత్వంలో 1991లో వచ్చిన ఆదిత్య 369 తెలుగులో కాలయంత్రాన్ని ప్రధానంగా చూపిన మొదటి ప్రసిద్ధ చిత్రం. ఇందులో పాత్రలు 1526 నాటి విజయనగరానికి, 2504 నాటి భవిష్యత్తుకు వెళతాయి. ప్రతినాయకుడు రాజావర్మ (అమ్రీష్ పురి) వజ్రాన్ని కోరే దొంగ మాత్రమే. యంత్రానికి పగ ఉండదు, కనుక అది ఎవరినైనా మోసుకుపోతుంది.

వశిష్ఠ దర్శకత్వంలోని బింబిసార (2022)లో క్రూరుడైన ప్రాచీన రాజు (కళ్యాణ్ రామ్) మాయాదర్పణం ద్వారా నేటి కాలంలోకి వచ్చి పడతాడు. ఇక్కడ కాలాన్ని దాటడం వేట కోసం కాదు, పశ్చాత్తాపం కోసం.

నాగ్ అశ్విన్ దర్శకత్వంలో 2024 జూన్ 27న విడుదలైన కల్కి 2898 ఏ.డి. చిత్రంలో సుప్రీం యాస్కిన్ (కమల్ హాసన్) గర్భవతుల నుండి సారాన్ని సేకరిస్తుంటాడు. తప్పించుకున్న గర్భవతి (దీపికా పదుకోణె) కోసం వేట మొదలవుతుంది. ఆమెకు కాపలాగా నిలిచేది శాపగ్రస్తుడైన అశ్వత్థామ (అమితాబ్ బచ్చన్). ఒకనాడు గర్భస్థ శిశువుపై అస్త్రం వేసినవాడు, యుగాల తరువాత మరొక గర్భాన్ని కాపాడటం ఈ కథలోని ముఖ్యాంశం.

ఇతర దేశాల కథలతో పోలిక

అమెరికా రచయిత ఫ్రాంక్ బెల్నాప్ లాంగ్ 1929లో ప్రచురించిన కథలో టిండలోస్ వేటకుక్కలు కనిపిస్తాయి. గతంలోకి తొంగి చూసిన మనిషి వాసన పట్టి, గోడల మూలల కోణాల గుండా అవి అతనిని చేరుకుంటాయి. ఎర చేసిన తప్పు కేవలం చూడటం. అక్కడ పగ లేదు, ఋణం లేదు. జేమ్స్ కామెరాన్ తీసిన టెర్మినేటర్ (1984) చిత్రంలో 2029 నుండి వచ్చిన యంత్రం, ఇంకా పుట్టని నాయకుని తల్లిని చంపడానికి 1984కు వస్తుంది. ఇది ఉత్తర గర్భం కథకు, కంసుని కథకు దగ్గరగా ఉన్నది. కంసుడు ఆకాశవాణి ద్వారా భవిష్యత్తును విన్నాడు. ఆ యంత్రం భవిష్యత్తు నుండే వచ్చింది.

సామాన్య లక్షణాలు

తెలుగు కథలలోని ఈ పాత్రలను పరిశీలించినప్పుడు కొన్ని సమాన లక్షణాలు కనిపిస్తాయి.

1. ఎరను యాదృచ్ఛికంగా ఎంచుకోవడం అరుదు. వేటగాడికి, ఎరకు మధ్య పగ, మోహం లేదా అవసరం అనే బంధం ఉంటుంది.
2. వేటగాడి ప్రాణం లేదా శక్తి చిలుక, గడ్డం వంటి ఒక చిన్న చోట ఉంటుంది. సైన్యం వల్ల కానిది ఆ రహస్యం తెలిసిన ఒక్కరి వల్ల అవుతుంది.
3. ఎర ఎక్కువగా స్త్రీ లేదా శిశువు. ఆమె ఇష్టానికి విలువ ఇవ్వకపోవడమే వేటగాడి మొదటి నేరం.
4. 1942 నాటి బాలనాగమ్మకు కొడుకు వచ్చి విముక్తి కలిగించాడు. 2009 నాటి అరుంధతి తనను తానే విడిపించుకుంది. మాయ మారలేదు గాని, రక్షించే చేయి మారింది.

సామాజిక కోణం

కథలలో దూరం నుండి చంపే మాంత్రికుడు కల్పితం. కాని అటువంటివారు నిజంగా ఉన్నారనే నమ్మకం వలన బాణామతి, చిల్లంగి చేశారనే అనుమానంతో తెలుగు గ్రామాలలో దాడులు, హత్యలు జరిగాయి. అంతుచిక్కని జబ్బుకు, పశువుల మరణానికి వైద్య కారణం వెతకవలసిన చోట, ఒంటరి స్త్రీనో వృద్ధునో వేటగాడిగా ముద్రవేయడం జరుగుతుంది. అప్పుడు అసలు వేటగాళ్ళు ఆ గుంపులోనివారే అవుతారు. పొరుగు రాష్ట్రాలైన మహారాష్ట్ర, ఒడిషా 2013లో, కర్ణాటక 2017లో ఇటువంటి దురాచారాలకు వ్యతిరేకంగా ప్రత్యేక చట్టాలు చేశాయి. జనవిజ్ఞాన వేదిక వంటి సంస్థలు గ్రామాలలో మాయల వెనుక ఉన్న కిటుకులను ప్రదర్శించి చూపుతూ ప్రచారం చేస్తున్నాయి.

మాయల మరాఠీ కథను ఆనందించడానికి అతను ఉన్నాడని నమ్మవలసిన అవసరం లేదు. ఆ కథ శ్రోతకు నేర్పేది భయాన్ని కాదు. ఎంత శక్తిమంతుడైన వేటగాడికైనా ప్రాణం ఎక్కడో ఒకచోట ఉంటుందని, దానిని ఓపికతో వెతకాలని నేర్పుతుంది.

ఇవి కూడా చూడండి

బాలనాగమ్మ
పాతాళభైరవి
చందమామ
అరుంధతి (2009 సినిమా)
ఆదిత్య 369
అశ్వత్థామ
బుర్రకథ
పులివెందుల
లింగాల మండలం